గాడిదను మోసిన తండ్రీకొడుకులు



మా సండే స్కూలు పిల్లలకు ఈసపు కథ ఒకటి బొమ్మల చిత్రంగా తెరమీద చూపించాము. తండ్రీకొడుకులు గాడిదను అమ్మడానికి సంతకు బయలుదేరతారు. గాడిద ఉండగా నడుస్తున్నారేమని ఒకరు నవ్వితే కొడుకు ఎక్కాడు. ముసలివాణ్ణి నడిపిస్తున్నాడని తిడితే తండ్రి ఎక్కాడు. పసివాడి మీద జాలి లేదంటే ఇద్దరూ ఎక్కారు. మూగజీవాన్ని చంపుతారా అంటే, దాని కాళ్లు కట్టి కర్రకు వేలాడదీసి మోశారు. వంతెన మీద అది పెనుగులాడి ఏటిలో పడి చచ్చింది. పిల్లలు పకపక నవ్వారు. వెనుక కూర్చున్న పెద్దలము నవ్వలేకపోయాము.

ఆ వారమే సంఘ కమిటీలో ఆరాధన ఏ భాషలో జరగాలన్న మాట వచ్చింది. సొంత ఊరి బంధువులు మన పిల్లలకు తెలుగు బైబిలు చదవడం రాదని ఎత్తిపొడుస్తారు. ఇక్కడివారు ఇన్నేళ్లయినా వేరే ఆరాధన ఎందుకంటారు. పిల్లలు ప్రసంగం సగం అర్థం కాలేదంటారు. ఒక్కొక్కరి మాటకు ఒక్కొక్కసారి పద్ధతి మారుస్తూ వచ్చాము.

ఫ్రెంచి కవి లా ఫోంతేన్ 1668లో ఈ కథనే పద్యంగా ప్రచురించాడు. అందులో గాడిద చావదు. అందరి మాటలూ విని విసిగిన పిండిమర యజమాని ఇకమీదట తనకు తోచినట్టే చేస్తానంటాడు. బాగానే ఉంది, కాని విశ్వాసికి ఇది చాలునా? లోకుల మాటకు బదులు సొంత ఇష్టానికి దాసుడైతే విడుదల ఏది?

మనుష్యులను సంతోషపెట్టగోరితే క్రీస్తు దాసుడను కాననే భావము గలతీ 1:10లో చెప్పిన పౌలే, 1 కొరింథీ 10:33లో అన్ని విషయములలో అందరినీ సంతోషపెడుతున్నానంటాడు. ఇది మాట తప్పడము కాదు. తన ప్రయోజనము కోసము కాదు, అనేకులు రక్షింపబడాలని అట్లు చేస్తున్నానని అక్కడే చెప్పాడు. మెప్పు కోరేవాడూ మేలు కోరేవాడూ బయటికి ఒకే తీరుగా కనిపిస్తారు. వారి హృదయము ప్రభువుకే తెలుసు.

దారిన పోయేవారి మాట వేరు, మనతో నడిచే కొడుకు మాట వేరు. కథలో దారిపొడుగునా అందరి మాటా విన్న ఆ తండ్రి, కొడుకును మాత్రము ఒక్కసారీ అడగలేదు. ప్రసంగము అర్థం కాని బిడ్డను, తెలుగులో తప్ప ప్రార్థించడం రాని అవ్వను ఒకచోట కూర్చోబెట్టి అడుగుదాము. వారిద్దరికీ వాక్యము అందే మార్గము దొరికేదాకా ప్రభువు మనకు ఓర్పు దయచేయును గాక.