గ్యాసు బావి తవ్వేవారికి హితవు

నాయనా, నేలను తొలిచి గ్యాసు తీసే విద్య నేర్చావు. మంచిదే. చలిదేశాల్లో ఎన్ని ఇళ్లు దానివల్ల వెచ్చగా ఉన్నాయో నాకు తెలుసు. అయితే నీ బోరు గ్యాసును చేరే ముందు ఎవరివో తాగేనీళ్లను దాటుకుని వెళ్తుంది. ఆ దాటే చోట నీ ధర్మమేమిటో విను.

అమెరికాలో పెన్సిల్వేనియా రాష్ట్రంలో డిమాక్ అని ఒక పల్లె. ఎవరి పెరటి బావి నీళ్లు వారు తాగుతారు. కింద మైలుకు పైగా లోతున మార్సెల్లస్ షేల్ రాతిపొర ఉంది. అక్కడ గ్యాసు బావులు వెలిశాక, 2009 జనవరి 1న ఒక ఇంటి నీటిబావిలో చేరిన మీథేన్ పేలి, బావి మీది కాంక్రీటు పలక బద్దలైంది. మీథేన్‌కు రంగూ లేదు, వాసనా లేదు. సిలిండర్ గ్యాసుకు కంపెనీ కలిపిన వాసనైనా ఉంటుంది. బావిలో చేరినదానికి అదీ లేదు. గ్లాసులో పట్టగానే నీళ్లు పాలలా తెల్లబడి, అడుగునుంచి మెల్లగా తేటపడితే ఇల్లాలికి అనుమానం రావాలి, అంతే.

ఇక్కడ నిపుణులు ఒక మెలిక వేస్తారు. నీళ్లు, ఇసుక, రసాయనాలు కలిపి విపరీతమైన ఒత్తిడితో రాయిని చీల్చేది అంత లోతున కదా, ఆ చీలికలు పైనీటిని ఎలా అందుకుంటాయని. న్యాయమైన ప్రశ్నే. డిమాక్‌లో రాష్ట్ర అధికారులు తప్పు పట్టిందీ బోరు గొట్టం చుట్టూ పోసిన సిమెంటునే. అది సరిగా కుదరలేదు, ఆ సందున గ్యాసు పైకి పాకింది. కానీ బావి చెడినవాడికి ఈ తేడా చెప్పి ఏం లాభం? సిమెంటు పోసిందీ నువ్వే కదా! ఆ మాట చాటున దాక్కోకు.

బోరులోంచి తిరిగొచ్చే ఉప్పునీటినీ మరిచిపోకు. బేరియం, రేడియం మోసుకొస్తుందది. ఊరి మురుగునీటి కేంద్రానికి తోలితే ఆ ఉప్పు అక్కడ తొలగదు, నదిలో కలుస్తుంది. తోలవద్దని 2011లో పెన్సిల్వేనియా ప్రభుత్వం కంపెనీలను అడగవలసి వచ్చింది. కొన్ని పరిస్థితుల్లో రాయిని చీల్చి గ్యాసు తీసే ఈ పని తాగునీటికి చేటు చేస్తుందని 2016లో అమెరికా పర్యావరణ సంస్థ ఈపీఏ కూడా తేల్చింది. అయినా డీజిల్ వాడితే తప్ప, ఈ చీల్చే పనిని తాగునీటి రక్షణ చట్టం నుంచి 2005లోనే మినహాయించారు. చట్టం అడగలేదు గనుక నేను చూడలేదనడం పెద్దమనిషి మాట కాదు.

డిమాక్ బావులు తవ్విన కంపెనీ వారసురాలు కోటెర్రా, నీళ్లు చెడగొట్టారన్న ఆరోపణను ఎదిరించబోమని 2022లో కోర్టుకు చెప్పి, ఆ ఊరికి నీటి పైపులైను కోసం కోటీ 60 లక్షల డాలర్లకు పైగా ఇవ్వడానికి ఒప్పుకుంది. పేలుడుకూ ఈ ఒప్పందానికీ మధ్య పదమూడేళ్లు. ఆ పదమూడేళ్లూ వంటకూ స్నానానికీ నీళ్లెక్కడివని ఏ ఇల్లాలిని అడిగినా చెబుతుంది.

కనుక తొలి బోరు దించకముందే చుట్టుపక్కల ప్రతి బావి నీరూ పరీక్ష చేయించి, ఆ కాగితం ఇంటివారి చేతిలో పెట్టు. రేపు వారిని రుజువు అడిగే దుస్థితి నీకు రాకూడదు. గొట్టం చుట్టూ సిమెంటు ఎక్కడైనా పట్టలేదని పరికరం చూపితే, రిగ్గు అద్దె రోజుకెంతో లెక్క చెప్పి పైవాళ్లు తొందరపెడతారు. పెట్టనీ. ఆ సందు పూడ్చి, మళ్లీ కొలిచి చూసుకున్నాకే కిందికి దిగు.