విన్నమాట

1996 మార్చి 13 రాత్రి. నాపరాళ్ల పాలిష్ మిషన్లు ఆగినాక, ఎర్రగుంట్లలో మా ఎరుకల గుడిసెల ముందర రేడియో చుట్టూ చేరి ప్రపంచకప్ సెమీఫైనల్ విన్నాం. భారత్ 120కి 8 వికెట్లు. ఈడెన్ గార్డెన్స్‌లో హోరు లేచింది. ఫోర్ కొట్టినారనుకొని చప్పట్లు కొట్టినాం. జనం సీసాలు విసురుతున్నారని, లారీల మీద తిరిగి హిందీ నేర్చిన మామ చెప్పేదాకా తెలియలేదు. ఆట శ్రీలంకకు ఇచ్చేశారు.

చూడనిదాన్ని ఒకరి నోటిమాట మీద నమ్మొచ్చా? రేడియోను నమ్మాం, కామెంటేటర్ కళ్లెదుట చూసి చెబుతాడు, పొరబడితే మరుబంతికే దిద్దుకుంటాడు. మన తాతలను పుట్టుదొంగలన్న నేరస్థ తెగల చట్టం ఎవరిని చూసి చెప్పింది? అది పోయి డెబ్బై ఏళ్లు దాటినా ఊరు ఇంకా దిద్దుకోలేదు.

మొన్న బడిలో పెన్ను పోతే అందరి చూపూ మన పిల్లవాడి సంచి మీదికే పోయింది. పెన్ను టేబుల్ సొరుగులోనే దొరికింది. ఆ సంగతి తరగతి ముందు ఎవరూ చెప్పలేదు. మేమూ చెప్పలేదు.