నీళ్లలో నిలబడి వాడిన నారు

గద్వాల నుంచి అయిజ పోయే తోవలో ఒక ఊరు అనుకుందాం. ఆ ఊళ్లో ఇద్దరు అన్నదమ్ములు. తండ్రి పోయాక నాలుగెకరాలు పంచుకున్నారు. కాలువ తూము పక్కనున్న రెండెకరాలు అన్నకు వచ్చాయి. తమ్ముడిది కింది చెలక. అక్కడికి నీళ్లు తీసుకుపోవాల్సిన పిల్లకాల్వ ఎప్పుడో పూడిపోయింది. దాన్ని తవ్వడం ఎవరి పనో తేలకుండానే ఏళ్లు గడిచాయి. తమ్ముడు పాత బావి అడుగున ఊరే నీళ్లతో నెట్టుకొస్తున్నాడు.

ఆ ఏడు ఇద్దరూ మిరప పెట్టారు. ఒకటే విత్తనం, ఒకటే నారుమడి. చెరి సగం అనుకున్నారు.

అన్న పొద్దున్నే కూలీలను పిలిచాడు. నారుమడి ఎండి గట్టిబడింది. అయినా పట్టి లాగించాడు. వేర్లకు అంటిన మన్ను దులిపి, కాలువలో జాడించి, కట్టలు కట్టి గట్టు మీద ఎండలో పెట్టించాడు. "వేర్లు ఎంత తెల్లగున్నయో చూడు" అని మురిసిపోయాడు. నాట్లు కాగానే తూము ఎత్తాడు. సాళ్లన్నీ నిండి మడి చెరువులా కనిపించింది.

తమ్ముడు ముందునాటి సాయంత్రమే తన వంతు నారుమడిని రెండు కడవల నీళ్లతో తడిపి పెట్టుకున్నాడు. మర్నాడు ఎండ తగ్గేదాకా ఆగాడు. బొరిగెతో ఒక్కో మొక్కను మట్టిపెళ్లతో సహా లేపి తడి గోనెలో చుట్టాడు. గుంతలో నిలబెట్టి, చుట్టూ మన్ను బొటనవేలితో అదిమి, మొక్కకో చెంబు నీళ్లు పోశాడు. అంతకు మించి పోయడానికి అతని బావిలో లేవు.

మూడో నాటికి అన్న మడిలో మొక్కలు తలలు వాల్చాయి. నీళ్లు చాలలేదనుకుని మళ్లీ తూము ఎత్తాడు. ఇంకా వాడిపోయాయి. కింది చెలకలో మాత్రం కొత్త ఆకు వేస్తోంది. "మంచి నారు నువ్వు తీసుకోని చెడ్డది నాకు అంటగట్టినవు రా" అని తమ్ముడి మీదికి పోయాడు. తగవు నీరటి తాత దగ్గరికి చేరింది. జీవితమంతా చెరువు తూము ఎత్తీ దించీ వంతులవారీగా ఊరికి నీళ్లు పంచిన మనిషి ఆయన.

"చెరొక మొక్క తేండి. లాగొద్దు, పెళ్లతో తీయండి" అన్నాడు తాత. రెండింటినీ నీళ్ల గంగాళంలో ఉంచి, మన్ను దానంతట అది కరిగేదాకా కూర్చున్నాడు. అన్న మొక్క వేరు నున్నగా బయటపడింది. తమ్ముడి మొక్క వేరు కొసల మీద మట్టి రేణువులు ఇంకా వదలకుండా పట్టుకుని ఉన్నాయి. వెలుతురుకు ఎత్తి పట్టుకుంటే వాటి మధ్య సన్నటి తెల్ల నూగు.

"ఇది మొక్కకు నోరు బిడ్డా. నువ్వు దాన్ని కడిగేసి నాటినవు."

"మొక్క నీళ్లల్లనే ఉన్నది గద తాతా!"

"నీళ్లల్ల ఉండుడు, నీళ్లు తాగుడు ఒకటి గాదు."

"ఆ నూగు మళ్ల మొలుస్తదా?"

"తెగినకాడ మొలవది. వేరు కొత్త కొస సాగితే దానికి మొలుస్తది. గాలి ఆడితేనే కొస సాగుతది. ముందు ఆ నీళ్లు దించు."

"యాడికి దించాలె?"

తాత జవాబు చెప్పలేదు. పూడిన పిల్లకాల్వ వైపు చూశాడు. అన్న పార అందుకున్నాడు. కాసేపటికి తమ్ముడు కిందినుంచి తవ్వుకుంటూ ఎదురొచ్చాడు. చీకటి పడేసరికి పై మడిలో నిలిచిన నీళ్లు కింది చెలకకు దిగాయి. అన్న మొక్కల్లో సగం తేరుకున్నాయి. ఖాళీ పడిన సాళ్లకు తమ్ముడు తన మిగులు నారు ఇచ్చాడు. అన్న దాన్ని పెళ్లతో సహా నాటాడు.

నీతి: దగ్గరున్నదంతా అందినట్టు కాదు. అందుకునే కొసను తెంపేశాక ఎంత పోసినా దాహం తీరదు.

ఈ నీతి వెనుక ఉన్నది అచ్చమైన వృక్షశాస్త్రం. తాత చూపించిన నూగును పాఠ్యపుస్తకాల్లో మూలకేశాలు అంటారు. ఒక్కో మూలకేశం ఒక్కటే కణం. వేరు పైపొరలోని కణం పక్కకు సాగి మట్టి రేణువుల సందుల్లోకి దూరుతుంది. మందం మిల్లీమీటరులో నూరో వంతు, పొడవు మహా అయితే మిల్లీమీటరు, కొన్నిట్లో కాస్త ఎక్కువ. బతికేది కొద్ది రోజులు, ఎక్కువలో ఎక్కువ కొన్ని వారాలు. వేరు కొసకు కాస్త వెనక మాత్రమే అవి ఉంటాయి. కొస ముందుకు సాగుతుంటే కొత్తవి పుడతాయి, వెనకవి రాలిపోతాయి. తడిగుడ్డలో జొన్నలు మొలకెత్తించి చూస్తే చాలు. బూజు పట్టిందనుకుని చాలామంది పారేసే ఆ తెల్లదనం చాలాసార్లు ఇదే.

ఇంత చిన్నవి ఎంత మేర అల్లుకుంటాయో 1937లో అమెరికా శాస్త్రవేత్త హోవర్డ్ డిట్మర్ లెక్కగట్టాడు. గోధుమకు దగ్గరి చుట్టమైన రై మొక్కను పెట్టెలో నాలుగు నెలలు పెంచి వేర్లను కొలిచాడు. ఒక్క మొక్కకు వేర్ల మొత్తం పొడవు దాదాపు 620 కిలోమీటర్లు తేలింది. మూలకేశాలు సుమారు 1,400 కోట్లు, వాటి పొడవు కలిపితే 10,000 కిలోమీటర్ల పైమాటే. కొన్ని కడవల మట్టిలో ఇమిడిన సంగతి ఇది.

నీళ్లు ఎలా లోపలికి పోతాయి? మూలకేశం లోపలి రసంలో లవణాలు, చక్కెరలు చిక్కగా ఉంటాయి, నేలలోని తడి పలచన. పలచన వైపు నుంచి చిక్కటి వైపు నీరు దానంతట అదే దాటుతుంది. దాన్నే ద్రవాభిసరణ అంటాం. చౌడు నేలలో తడి ఉన్నా పైరు ఎండేది అందుకే. అక్కడ బయటి నీరే చిక్కనవుతుంది. పోషకాల సంగతి వేరే. నత్రజని, పొటాష్, భాస్వరం బయటకన్నా లోపలే ఎక్కువగా ఉంటాయి కాబట్టి వాటిని ఎదురు లాగాలి. ఎదురు లాగడానికి శక్తి కావాలి, శక్తికి ప్రాణవాయువు కావాలి. నీళ్లు నిలిచిన మడిలో వేరుకు అదే కరువు. ఎండు తెరపి తర్వాత ఒక్కసారిగా కుండపోత పడి, ఆ వెంటనే ఎండ కాసినప్పుడు గద్వాల వైపు పత్తి చేలల్లో పచ్చటి మొక్క ఉన్నపళంగా వడలిపోవడం రైతులు ఎరుగుదురు. రోగమనుకుని మందు కొట్టేముందు నీళ్లు బయటికి తీయాలి.

భాస్వరం ఇంకా మొండిది. నీటితో పాటు కదిలిరాదు, పడ్డచోటే మట్టిని అంటుకుంటుంది. వేరు తన చుట్టూ మిల్లీమీటరు మేర ఉన్నది తినేశాక, అవతలి రేణువును తాకే మూలకేశం ఉంటేనే మళ్లీ దొరుకుతుంది. బస్తాలు కుమ్మరించడం కన్నా వేరు బాగా అల్లుకునేలా నేలను గుల్లగా ఉంచడం మేలని నేను గట్టిగా నమ్మేది ఇందుకే.

ఆ కథను గద్వాల తోవలో పెట్టడానికి కారణం ఉంది. ఒక పక్క కృష్ణ, ఒక పక్క తుంగభద్ర, మధ్యలో నడిగడ్డ. రెండు నదులు అలంపురం దగ్గర్లో కలుస్తాయి. అయినా ఆ నడుమ ఊళ్ల జనం దశాబ్దాలపాటు ముంబై, పుణె దాకా వలస పోయి మన్ను మోశారు. రాజోలిబండ కాలువ కింద 87,500 ఎకరాలకు నీరు అన్నారు. చివరి భూములకు అది చేరక, చివరికి తుంగభద్ర నుంచే మళ్లీ తోడిపోసే తుమ్మిళ్ల ఎత్తిపోతల కట్టాల్సి వచ్చింది. జూరాల ప్రాజెక్టు వచ్చింది, నెట్టెంపాడు ఎత్తిపోతల వచ్చింది, నాగర్‌కర్నూల్ వైపు కల్వకుర్తి ఎత్తిపోతల వచ్చింది. వచ్చిన ప్రతిచోటా మిగిలే పని ఒకటే, చివరి పిల్లకాల్వ. దానికి శంకుస్థాపనలు జరగవు, అది తెగితే పత్రికల్లో రాదు, కానీ పైరు తాగేది దాని కొసనే.

కాలువల సంగతి అలా ఉంచి మళ్లీ వేరు దగ్గరికి వస్తే, వనపర్తి ఎర్రనేలల యాసంగి పల్లిది మరో విశేషం. మిగతా పైర్లలా దానికి వేరు కొసల పొడవునా మూలకేశాలు నిండుగా ఉండవు. పక్కవేర్లు పుట్టే చోట గుత్తులుగా కనిపిస్తాయి. పైగా కాయకు కావాల్సిన కాల్షియాన్ని వేరు అందించలేదు. వేరు లాగిన కాల్షియం నీటితో పాటు ఆకుకు ఎక్కుతుంది, అక్కడి నుంచి కిందికి దిగదు. మట్టిలోకి దిగిన ఊడ, దాని కొసన ఊరుతున్న కాయ తమ చుట్టూ ఉన్న మన్నులోంచే దాన్ని నేరుగా పీల్చుకోవాలి. తొలిపూత దశలో ఎకరాకు 200 కిలోల జిప్సం మొక్క మొదళ్ల దగ్గరే వేయమనేది ఇందుకే. పైనున్న రెండు మూడంగుళాల మన్ను ఎండిపోతే, అడుగున ఎంత తడి ఉన్నా కాయ లొత్తగానే మిగులుతుంది. 45 రోజులు దాటాక పల్లి చేలో గుంటక తోలి నేలను కదపొద్దనే కట్టుబాటు కూడా ఆ ఊడల కోసమే.