పిట్టగోడ ఎవరి కోసం?

మోషే ధర్మశాస్త్రంలో ఇల్లు కట్టుకునేవారికి ఒక చిన్న ఆజ్ఞ ఉంది. కొత్త ఇల్లు కట్టినప్పుడు డాబా చుట్టూ పిట్టగోడ కట్టాలి. అది లేక ఎవరైనా పైనుంచి పడి మరణిస్తే ఆ దోషం ఆ ఇంటిమీదికే వస్తుంది (ద్వితీయోపదేశకాండము 22:8). బలిపీఠం గురించో, ఉపవాసం గురించో గాక, డాబామీది గోడ గురించి దేవుడు ఆజ్ఞ ఇవ్వటం కొందరికి వింతగా తోచవచ్చు. కాని కాస్త ఆలోచించండి. స్థలం నాది, ఇటుక నాది, కష్టార్జితం నాది. అయినా నా డాబా మీదికి వచ్చిన మనిషి ప్రాణానికి దేవుడు నన్నే లెక్క అడుగుతాడు. పిట్టగోడ యజమాని ఒక్కడి కోసం కాదు, ఆ ఇంటికి వచ్చేవారందరి కోసం.

ఇల్లు నాది గనుక నా ఇష్టం అనే మాట క్రైస్తవుడు అనవచ్చునా? దిల్‌సుఖ్‌నగర్, ఎల్.బి.నగర్ ప్రాంతాల కథను ఎదుట పెట్టుకుని ఈ ప్రశ్నను విచారించుకుందాం.

అందరూ వచ్చినవారే

హైదరాబాదు నగరం 1591లో మూసీ ఒడ్డున వెలిసింది. తూర్పువైపున ఉన్న ఈ నేలలు మాత్రం చాలాకాలం ఊరి బయటి పొలాలుగానే ఉండిపోయాయి. సరూర్‌నగర్ చెరువు, దాని కింద సాగు, అక్కడక్కడ పల్లెలు. నిజాం కాలపు రాజభవనం ఒకటి అనాథ పిల్లలకు ఆశ్రయమై విక్టోరియా మెమోరియల్ హోంగా పేరుపొందింది. నేడు మెట్రో స్టేషను ఒకటి ఆ పేరుతోనే ఉంది. రాజు కోసం కట్టిన ఇల్లు అనాథల ఇల్లు కావటం గుర్తుంచుకోదగిన సంగతి. దిల్‌సుఖ్‌రాం అనే భూస్వామి తన పొలాన్ని ప్లాట్లుగా విడగొట్టి అమ్మటంతో దిల్‌సుఖ్‌నగర్‌కు ఆ పేరు వచ్చిందని చెబుతారు. ఎల్.బి.నగర్ 1966లో మరణించిన ప్రధాని లాల్ బహదూర్ శాస్త్రి పేరును మోస్తోంది.

1956 నవంబరు 1న హైదరాబాదు ఆంధ్రప్రదేశ్ రాజధాని అయింది. ఉద్యోగులు వచ్చారు. విజయవాడ రోడ్డు వెంబడి నల్గొండ, ఖమ్మం, కృష్ణా, గుంటూరు జిల్లాల నుంచి బస్సు దిగినవారికి నగరంలో మొదట తగిలే చోటు ఇదే. కొందరు ఇక్కడే ఆగిపోయారు. కొత్తపేట, చైతన్యపురి, వనస్థలిపురం, నాగోలు, కర్మన్‌ఘాట్ ఇళ్ళతో నిండాయి. కోచింగ్ సెంటర్లు, వాటి వెంట హాస్టళ్ళు వచ్చాయి. గడ్డిఅన్నారం, ఎల్.బి.నగర్ మునిసిపాలిటీలు 2007 ఏప్రిల్ 16న మహానగర పాలక సంస్థలో కలిశాయి. 2018 సెప్టెంబరులో మెట్రో రైలు ఎల్.బి.నగర్ చేరింది. గజం ధర ఎక్కడ మొదలై ఎక్కడికి చేరిందో మీకు వేరే చెప్పనక్కరలేదు.

ఈ కథలో మన కథోలిక కుటుంబాలూ ఉన్నాయి. ఒక చిన్న పోర్షన్ అద్దెకు తీసుకుని, నలుగురితో కలిసి ఒకే నల్లా దగ్గర బిందె పెట్టుకుని, పిల్లల ఫీజులు కట్టుకుంటూ, చిట్టీ పాడుకుని, పుస్తెలతాడు కుదువ పెట్టి నూరు గజాలు కొన్న కుటుంబాలు ఎన్నో. ముందు కింది భాగం కట్టుకున్నారు. పై అంతస్తు మీద ఆశతో స్లాబు మీద ఇనుప చువ్వలు అలాగే ఉంచారు. పదేళ్ళకు పై పోర్షన్ లేచింది. గురువుగారు వచ్చి తీర్థం చల్లి గృహాశీర్వాదం చేశారు. మరునాడు గేటుకు టు-లెట్ బోర్డు వేలాడింది.

ఇందులో తప్పేమీ లేదు. శ్రమించి సంపాదించినవాడు సొంత ఇల్లు కలిగి ఉండటం న్యాయమైన హక్కు అని 13వ లియో పోపుగారు 1891లో వెలువరించిన విశ్వలేఖలో గట్టిగా చెప్పారు. అయితే ఆ లేఖలోనే ఆయన మరొక మాట కూడా చెప్పారు. ఆస్తి కలిగి ఉండటం వేరు, దానిని ఎలా వాడతామన్నది వేరు. కలిగి ఉండటంలో అది నాది. వాడకంలో మాత్రం అవసరంలో ఉన్నవారిని మరవకూడదు. ఇంకా లోతుగా వెళితే భూమి తనదేననీ, మనమందరం తన వద్ద కాపురం ఉంటున్న పరదేశులమేననీ దేవుడే ఇశ్రాయేలీయులతో చెప్పాడు (లేవీయకాండము 25:23). ఆ లెక్కన పట్టా ఉన్నవాడూ అద్దెకున్నవాడే.

టు-లెట్ బోర్డు వెనుక

టు-లెట్ బోర్డు చూసి తలుపు తట్టినవారికి ఎదురయ్యే మొదటి ప్రశ్న అద్దె గురించి కాదు. “మీరేమిట్లు?” అన్నది. ఆ ప్రశ్నలోని బరువు అడిగించుకున్నవాడికే తెలుసు. చర్చికి వెళ్తారని తెలిసి “ఇల్లు అయిపోయిందండీ” అనిపించుకున్న మన కుటుంబాలు లేవా? బోర్డు మాత్రం మరో నెల అక్కడే వేలాడుతుంది. ముస్లిం సోదరులకు, ఒంటరి స్త్రీలకు, హాస్టలు ఖర్చు భరించలేక గది వెతుక్కునే పేద విద్యార్థులకు ఈ అనుభవం ఇంకా ఎక్కువ.

ఇతరులు మనల్ని అలా అడిగినప్పుడు మనకు బాధ కలుగుతుంది. మరి మన ఇంటి గేటు ముందు మనం ఏమడుగుతున్నాం? తెలుగు నేలపై శ్రీసభలో దళిత కుటుంబాలే అధిక సంఖ్యలో ఉన్నాయి. ఆదివారం ఒకే బలిపీఠం నుంచి దివ్యసత్ప్రసాదం స్వీకరించి, సోమవారం ఇల్లు చూడటానికి వచ్చిన తోటి విశ్వాసిని కులం పేరుతో వెనక్కి పంపే కథోలికులు మనలో లేరని గుండెమీద చెయ్యి వేసుకుని చెప్పగలమా? 2022 ఆగస్టులో మన హైదరాబాదు అగ్రపీఠాధిపతి పూల ఆంతోని గారు కార్డినల్ అయ్యారు. దళితుల నుంచి ఆ స్థానానికి చేరిన తొలి వ్యక్తి ఆయన. మనమంతా సంతోషించాం. ఆ సంతోషం మన మెట్లెక్కి పై పోర్షన్ దాకా రాకపోతే దానికి అర్థమేముంది?

యజమాని పక్షాన కూడా న్యాయముంది. పై పోర్షన్ అద్దెతోనే మందులు కొనుక్కునే విశ్రాంత ఉద్యోగులున్నారు. అద్దె ఎగ్గొట్టి, కరెంటు బిల్లు వదిలేసి వెళ్ళిపోయేవారూ ఉన్నారు. అద్దెకున్నవారు చెప్పిన తేదీకి అద్దె ఇవ్వటం, ఇంటిని తమదిగా చూసుకోవటం కూడా ధర్మమే. మనిషి నడవడి గురించి, అద్దె కట్టే స్తోమత గురించి అడగటం జాగ్రత్త అనిపించుకుంటుంది. పుట్టుక గురించి అడగటం జాగ్రత్త కాదు, అన్యాయం.

అద్దె ఇల్లు ఎలా ఉందన్నది మరో ప్రశ్న. ఐర్లండు రాజధాని డబ్లిన్‌లో 1913 సెప్టెంబరు 2న చర్చ్ స్ట్రీట్ అనే వీధిలో శిథిలమైన అద్దె ఇళ్ళు కూలి ఏడుగురు మరణించారు. అటుపై జరిగిన విచారణలో ఆ నగరంలో 20 వేలకు పైగా కుటుంబాలు ఒక్కొక్క గదిలోనే కాపురముంటున్నాయని తేలింది. నగర పాలక సభ సభ్యులలో కొందరు స్వయంగా అటువంటి ఇళ్ళకు యజమానులు. ఆదివారం గుడులు కిటకిటలాడే నగరమది. భక్తి లేక కాదు, ఆ భక్తి అద్దె పుస్తకం దాకా రాక ఆ ఇళ్ళు కూలాయి. గాలి లేని గదిలో నలుగురైదుగురు విద్యార్థులను కుక్కి మంచానికి ఇంత అని వసూలు చేసేవారు ఈ సంగతిని తమకు అన్వయించుకోవాలి.

నీరు ఎవరి గుమ్మానికి వెళ్తుంది?

పిట్టగోడ ధర్మం మన గేటు దగ్గర ఆగిపోదు. మన పెద్దలు చెరువులను గొలుసుకట్టుగా తవ్వించారు. పై చెరువు నిండితే అలుగు పారి కింది చెరువుకు, అక్కడినుంచి నదికి నీరు చేరుతుంది. చెరువు నిండినప్పుడు మునిగే భూమిని శిఖం భూమి అంటారు. ఎండాకాలం అది చదునైన నేలలా కనిపిస్తుంది. అక్కడ ప్లాట్లు వేసి అమ్మారు, కొన్నారు, కట్టారు. కాలువలపై గోడలు లేచాయి. వాన మాత్రం తన పాత దారిని మరచిపోలేదు. 2020 అక్టోబరు 13న కురిసిన కుండపోతకు సరూర్‌నగర్ చెరువు పరిసర కాలనీలు నీట మునిగాయి. ఇంటిలోని బియ్యం, పిల్లల పుస్తకాలు, సర్టిఫికెట్లు బురదపాలయ్యాయి. ఎక్కువగా నష్టపోయింది కింది పోర్షన్లలో అద్దెకున్నవారే.

కాలువపై ఒక గది ముందుకు జరిపినవాడు తన ఇల్లు కొంచెం పెంచుకున్నాననే అనుకుంటాడు. ఆ నీరు పక్క వీధిలో ఎవరి గుమ్మంలోకి వెళ్తుందో చూడడు. ఇంటికి ఇల్లు, పొలానికి పొలం చేర్చుకుంటూ పోయి ఇతరులకు చోటే లేకుండా చేసేవారిని యెషయా ప్రవక్త గద్దించాడు (యెషయా 5:8). ఈ రోజులలో ఆ గద్దింపు రిజిస్ట్రేషన్ ఆఫీసులోనూ వినబడాలి.

ఎర్ర గుర్తులు

1908 సెప్టెంబరు 28న మూసీ ఉప్పొంగి నగరాన్ని ముంచెత్తింది. సుమారు 15 వేల మంది మరణించారని అంచనా. దాని తరువాత విశ్వేశ్వరయ్యగారి సలహాలతో ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ జలాశయాలు వచ్చాయి. 1912లో ఏర్పడిన నగరాభివృద్ధి సంస్థ రోడ్లు వెడల్పు చేయటంతో ఆగక, పేదలకు ఇళ్ళు కూడా కట్టించింది. ఇరుకు వాడలను తొలగించేవాడు అక్కడివారికి చోటు చూపాలన్న ఎరుక ఆనాడే ఉంది.

2024 సెప్టెంబరులో మూసీ ఒడ్డున ఇళ్ళ గోడలపై ఎర్ర రంగుతో గుర్తులు పెట్టారు. కొన్ని కుటుంబాలను డబుల్ బెడ్‌రూం ఇళ్ళకు తరలించారు. చైతన్యపురి, కొత్తపేట వైపు జనం తమ రిజిస్ట్రేషన్ పత్రాలు, బ్యాంకు అప్పు కాగితాలు పట్టుకుని వీధిలోకి వచ్చారు. నదికి దారి కావాలన్నది నిజం. వరద వస్తే మునిగేది ఆ కుటుంబాలే అన్నదీ నిజమే. కాని అనుమతి ఇచ్చినవారు, పన్ను వసూలు చేసినవారు, ప్లాటు అమ్ముకున్నవారు సుఖంగా ఉండగా, చివరగా కొన్నవాడి తలమీదనే భారమంతా వేయటం న్యాయమేనా? నాబోతు ద్రాక్షతోటపై కన్నేసిన ఆహాబు కూడా దానికి బదులు మంచి తోట ఇస్తాననే అన్నాడు (1 రాజులు 21). నష్టపరిహారం మాట ఎత్తగానే న్యాయం పూర్తికాదు. ఇల్లంటే కూలికి వెళ్ళే దారి, పిల్లల బడి, అప్పిచ్చే కిరాణా కొట్టు, ఆదుకునే ఇరుగుపొరుగు.

అప్పటి పరిశుద్ధ పితరులు ఫ్రాన్సిస్ పోపుగారు 2015లో వెలువరించిన ‘లౌదాతో సి’ విశ్వలేఖలో ఈ విషయమే ప్రస్తావించారు. పేదలను తరలించక తప్పనప్పుడు వారికి ముందుగా పూర్తి వివరం చెప్పాలి, తగిన ఇళ్ళు చూపాలి, ఆ నిర్ణయంలో వారినీ భాగస్వాములను చేయాలి అని వారి బోధ. అంతకు ముందే, 1987లో, ఇల్లు లేని నీ సోదరునికి నీవేమి చేశావు అని ప్రశ్నిస్తూ శ్రీసభ న్యాయ శాంతి సంఘం ఒక పత్రాన్ని ప్రకటించింది. ఇల్లు అంగట్లో సరుకు మాత్రమే కాదనీ, కుటుంబం కుటుంబంగా నిలవటానికి ఆధారమనీ దాని సారం.

మనం చేయగలిగినవి

పెద్ద పథకాలు ప్రభుత్వానివి. మన చేతిలో ఉన్నవి మనమే చేయాలి. ఇల్లు అద్దెకిచ్చేటప్పుడు కులమతాలు అడగబోమని ఒక్కొక్క కుటుంబం నిర్ణయించుకోవచ్చు. పిల్లల పరీక్షల వేళ ఖాళీ చేయమనకుండా ఉండవచ్చు. అడ్వాన్సును గోడలకు రంగుల పేరిట మింగకుండా తిరిగి ఇవ్వవచ్చు. ప్లాటు కొనేముందు అది శిఖం భూమి అవునో కాదో విచారించి, కాలువ దారిని వదిలి కట్టుకోవచ్చు. విచారణలో యువజన సంఘం, మరియదళం సభ్యులు కొత్తగా వచ్చిన కుటుంబాలకు గది వెతికిపెట్టడాన్ని ఒక సేవగా స్వీకరించవచ్చు.

ఇల్లు దొరకని బాధ మన ప్రభువుకు తెలియనిది కాదు. నిండు చూలాలైన మరియతల్లిని వెంటబెట్టుకుని వచ్చిన జోజప్పకు బెత్లెహేము సత్రంలో చోటు లేదన్నారు (లూకా 2:7). క్రిస్మసు నాడు మనం డాబాపై పశువుల పాక కట్టి, దీపాలు పెట్టి, చుట్టుపక్కల వారికి చూపించుకుంటాం. మంచిదే. ఆ పాకను చూడటానికి పిల్లలు పైకి వచ్చే ముందు డాబా చుట్టూ పిట్టగోడ ఉందో లేదో చూడండి. మెట్ల కింద గేటుకు బోర్డు ఉంటే, తలుపు తట్టినవారికి మీరిచ్చే జవాబు ఎలాంటిదో కూడా చూసుకోండి. పరదేశినై ఉన్నప్పుడు నన్ను చేర్చుకున్నారా అని ప్రభువు అడిగే రోజున (మత్తయి 25) ఇంటి విలువ ఎంతని ఆయన అడగడు. అందులో ఎవరికి చోటిచ్చారని అడుగుతాడు.