పేరులో రెండు ఋణాలు

పిరనీస్ కొండల దిగువన ఉన్న లూర్దు అనే చిన్న ఫ్రెంచి ఊళ్లో 1844 జనవరి 9న, పిండిమర నడుపుకునే ఒక ఇంటి ఆడపిల్లకు జ్ఞానస్నానం ఇచ్చారు. ఆ పిల్లకు పెట్టిన పేరు మారీ-బెర్నార్ద్. మారీ అంటే మేరీమాత. బెర్నార్ద్ ఆ పిల్లకు జ్ఞానతల్లిగా నిలబడిన పెద్దమ్మ పేరు. ఇంట్లో ముద్దుగా బెర్నదెత్ అని పిలిచారు, లోకానికీ ఆ ముద్దుపేరే మిగిలింది. ఆ పిల్లకు 1858 ఫిబ్రవరి 11 నుంచి జులై 16 దాకా ఒక కొండగుహ దగ్గర పద్దెనిమిది సార్లు మరియమాత కనిపించిందని క్యాథలిక్కుల విశ్వాసం. ఆ విశ్వాసాన్నే 1924లో ఆర్లాటి అనే ఇటాలియన్ ఫాదర్ విజయవాడ గుణదలకు తెచ్చి, కొండమీద మాత విగ్రహాన్ని నిలిపాడు. నేటికీ ఏటా ఫిబ్రవరి 9, 10, 11 తేదీల్లో అక్కడ తిరునాళ్లు జరుగుతాయి. కృష్ణా డెల్టా ఊళ్లలో లూర్దురాజు, లూర్దుమేరి, లూర్దయ్య, లూర్దమ్మ అనే పేర్లకు మూలం ఆ ఫ్రెంచి ఊరే. ఈ పేర్లు మనవా, పరాయివా అనే వాదన అప్పుడప్పుడూ లేస్తుంది. దానికంటే ముందు తేల్చుకోవలసిన సంగతి ఒకటుంది. మనిషికి పెట్టిన పేరుకు అర్థం ఎక్కడ ఉంటుంది? నిఘంటువులోనా, పెట్టినవాళ్ల మనసులోనా, లేక వాళ్లు ఎవరికి బాకీపడి ఆ పేరు పెట్టారో ఆ బాకీలోనా? మూడోదే సరైన జవాబని నా వాదన. రెండు పేర్లను జోడించి ఒక పేరుగా పెట్టే ఆచారాన్ని పరిశీలిస్తే ఆ సంగతి తేటపడుతుంది.

ఫ్రాన్సులో మారీ ఆడపిల్లలకే పరిమితమైన పేరు కాదు. మగపిల్లల పేర్లలోనూ అది చేరుతుంది. చర్చిని జీవితమంతా ఎగతాళి చేసిన వోల్టేర్‌కు తల్లిదండ్రులు పెట్టిన పేరు ఫ్రాన్స్వా-మారీ. విక్టర్ హ్యూగో అసలు పేరు విక్టర్-మారీ. అమెరికా స్వాతంత్ర్య యుద్ధంలో పోరాడిన లఫాయెత్ పేర్ల వరుసలో మొదటిదే మారీ. మన తీరానికి వచ్చినవాళ్లలో కూడా ఉన్నారు: పంతొమ్మిదో శతాబ్దం చివర్లో విశాఖపట్నం బిషప్పుగా ఉన్న తిస్సో పేరు జాఁ-మారీ. గడ్డం పెంచిన మగవాడికి ఆడపేరేమిటని ఇంగ్లీషువాళ్లు ఆశ్చర్యపోతారేమో గాని, బెజవాడ మనిషికి ఆశ్చర్యపడే హక్కు లేదు. ఇంద్రకీలాద్రి నీడలో ఎంతమంది దుర్గారావులు, ఎంతమంది దుర్గాప్రసాదులు! అమ్మవారి పేరు మోస్తున్నందుకు దుర్గారావు మగతనానికి వచ్చిన లోటేమీ లేదు. సింహాచలం అనే పేరు ఆడవాళ్లకూ ఉంది, మగవాళ్లకూ ఉంది. ఆ పేరున్న మనిషిని మీది విశాఖ దగ్గరా అని ఎవరూ అడగరు. తిరుపతి, కాశీ, భద్రాచలం, అన్నవరం - ఇవన్నీ ఊళ్లు, ఇవన్నీ మనుషులు. ఈ వరుసలో లూర్దు వచ్చి కూర్చుంటే వింతేమీ లేదు. దేవుడు వెలసిన చోటి పేరును బిడ్డకు పెట్టుకోవడం తెలుగువాడికి పాత అలవాటు. కొత్తగా ఒక క్షేత్రం పేరు చెవిన పడింది, అలవాటు మాత్రం మారలేదు.

తైత్తిరీయ సంహిత బ్రాహ్మణుడు పుడుతూనే మూడు ఋణాలతో పుడతాడంటుంది: ఋషులకు, దేవతలకు, పితరులకు. తర్వాతి కాలంలో ఆ మాటను అందరి గురించీ చెప్పుకున్నారు. ఋషి ఋణం చదువుతో తీరేది కాబట్టి దాన్ని పక్కన పెడదాం. మిగిలిన రెండింటికీ మన ఇళ్లలో మొదటి రసీదు నామకరణమే. మొక్కుకున్న దేవుడి పేరు ఒకటి, తాతదో నాయనమ్మదో ఇంకొకటి, రెండూ కలిపి బిడ్డకు పెడతారు. వెంకట సుబ్బయ్య అనే పేరులో వెంకన్న ఇలవేల్పు అయితే సుబ్బయ్య తాత అయి ఉండవచ్చు. మారీ-బెర్నార్ద్ కూడా అచ్చం ఇలాగే కట్టిన పేరు. ఒక సగం పైకి, పరలోకానికి చూపిస్తుంది. రెండో సగం పక్కకు, పెద్దమ్మ వైపు చూపిస్తుంది. ఫ్రెంచివాళ్లు మధ్యలో ఒక చిన్న గీత గీస్తారు, మనం సమాసం చేస్తాం. మరియదాసు, దేవదానం, యేసుపాదం అనే పేర్లను కట్టినవాడికి వ్యాకరణం ఎవరూ నేర్పనక్కర్లేదు. వెంకటదాసు, రామదాసు నోట్లో ఆడే ఊళ్లో మరియదాసు దానంతటదే పుడుతుంది. ఆ ఫ్రెంచి పిల్ల కథలో ఇంకో విశేషం ఉంది. పెద్దయ్యాక ఆమె 1866లో నెవేర్ పట్నంలోని మఠంలో చేరింది. మఠంలో చేరేవాళ్లకు కొత్త పేరు పెట్టడం ఆనవాయితీ. ఆమెకు మాత్రం ఇంచుమించు పాత పేరునే, సిస్టర్ మారీ-బెర్నార్ అని, తిరిగి ఇచ్చారు. సన్యాసం స్వీకరించినా పెద్దమ్మ బాకీ ఆమెను వదల్లేదన్నమాట.

దీనికి తర్కం చదువుకున్నవాళ్ల ఆక్షేపణ ఒకటుంది. జాన్ స్టూవర్ట్ మిల్ 1843లో తన తర్కశాస్త్ర గ్రంథంలో వ్యక్తినామాలకు అర్థమే లేదన్నాడు. అవి మనిషిని చూపిస్తాయి గాని, మనిషి గురించి ఏమీ చెప్పవు. ఈ మాట మనకూ కొత్తకాదు. పతంజలి మహాభాష్యం శబ్దాలను జాతి, గుణం, క్రియ, యదృచ్ఛ అని విడదీసినప్పుడు, ఇష్టానుసారం పెట్టుకున్న పేర్లు యదృచ్ఛ కిందికే వచ్చాయి. శబ్దార్థ సంబంధం నిత్యమని పట్టుబట్టిన మీమాంసకులు కూడా వ్యక్తినామాల దగ్గర పట్టు సడలించి, అవి మనుషులు చేసుకున్న ఏర్పాటేనని ఒప్పుకున్నారు. నేనూ ఒప్పుకుంటాను. శాంతమ్మ గయ్యాళి కావచ్చు, ధనరాజు అప్పుల్లో ఉండవచ్చు. పేరు వర్ణన కాదు. అయితే మిల్ చూసింది పేరు పెట్టించుకున్న మనిషిని మాత్రమే. పెట్టిన మనిషిని చూడలేదు. ప్రామిసరీ నోటు మీది సంతకం రాసినవాడి గుణగణాల గురించి ఏమీ చెప్పదు, అయినా అతణ్ణి ఒకరికి కట్టిపడేస్తుంది. పేరు చేసే పనీ అదే. తెలుగు భాగవతం ఆరో స్కంధంలో (ఇది పోతనది కాదు, ఏర్చూరి సింగన రాసినది) అజామిళుడి కథ దీన్నే ఇంకా దూరం తీసుకెళ్తుంది. భ్రష్టుడైన అజామిళుడు చనిపోతూ పిలిచింది కొడుకునే, దేవుణ్ణి కాదు. కొడుకు పేరు నారాయణుడు. విష్ణుదూతలు వచ్చి నిలబడ్డారు. యమదూతలకూ వాళ్లకూ జరిగిన వాదమంతా చివరికి ఒక ప్రశ్న చుట్టూ తిరుగుతుంది: పిలిచినవాడి ఉద్దేశం లెక్కా, పిలిచిన పేరు లెక్కా? నామమహిమను నమ్మాలా వద్దా అన్నది ఎవరి విశ్వాసం వాళ్లది. నాకు కావలసింది ఆ కథ ఒప్పుకున్న ఒక సంగతి. పెట్టినవాడు మరిచిపోయినా, ఆ పేరు ఎవరికి చెందిందో మారదు.

రెండో ఆక్షేపణ చరిత్ర నుంచి వస్తుంది. ఇవన్నీ తెల్లవాళ్లు తెచ్చి అంటించిన పేర్లు గదా అని. ఫ్రెంచివాళ్లు మన డెల్టాకు నిజంగానే వచ్చారు. 1669లో బందరులో వర్తకస్థానం పెట్టారు, ఆ ఊళ్లోని పరాసుపేట వాళ్ల పేరు మీద వెలసిందే. ఫ్రెంచి సేనాని బుస్సీ కాలంలో, 1753లో, ఉత్తర సర్కారులు వాళ్ల చేతికి వచ్చాయి. 1759లో ఇంగ్లీషు కర్నల్ ఫోర్డ్ బందరు కోటను పట్టుకోవడంతో ఆ పెత్తనం ముగిసింది. మిగిలిన చిన్న స్థావరం 1947లో మన దేశంలో కలిసిపోయింది. ఈ తేదీలను పక్కపక్కన పెట్టి చూడండి. ఫ్రెంచి ఫిరంగులు డెల్టాలో మోగినప్పుడు లూర్దు పేరు ఇక్కడ ఎవరికీ తెలియదు, ఫ్రాన్సులోనే అది తెలియదు. ఆ పేరు గుణదలకు వచ్చేసరికి ఫ్రెంచి అధికారం పోయి నూటయాభై ఏళ్లు దాటింది. తెచ్చింది కూడా ఫ్రెంచివాళ్లు కాదు, ఇటలీ ఫాదర్లు. అధికారంతో వచ్చిన పేర్లు పేటలకూ పాలేలకూ మిగిలాయి. మొక్కుతో వచ్చిన పేర్లు బిడ్డలకు అంటాయి. గుణదల తిరునాళ్లలో తలనీలాలు ఇచ్చేవాళ్లలో, కొబ్బరికాయ పట్టుకుని మెట్లెక్కేవాళ్లలో హిందువులు ఎంతోమంది ఉంటారు. వాళ్లెవరూ ఏ సామ్రాజ్యానికీ కప్పం కట్టడం లేదు.

మిషనరీ వ్యవస్థలో ఒత్తిడే లేదని మాత్రం అనను. 1917 నాటి చర్చి ధర్మశాస్త్రం బిడ్డకు క్రైస్తవ నామం పెట్టేలా గురువు చూడాలంది. తల్లిదండ్రులు వినకపోతే తనే ఒక పునీతుడి పేరు చేర్చి, రెండింటినీ రిజిస్టరులో రాయాలంది. 1983 నాటి సవరించిన శాస్త్రం క్రైస్తవ భావానికి విరుద్ధమైన పేరు కాకపోతే చాలంది. అంటే అరవై ఏళ్లకు పైగా జోడుపేరు నియమంగా వచ్చిందే. అయినా తెలుగువాళ్లు దాన్ని నియమంలాగా మోయలేదు. గుంటూరు, కృష్ణా క్యాథలిక్కులలో జేవియర్ శౌరి అయ్యాడు. శౌరి అప్పటికే మనకు కృష్ణుడు. పౌలు, తమిళం మీదుగా, చిన్నప్ప అయ్యాడు. ఇగ్నేషియస్ ఇన్నయ్య అయ్యాడు. సుప్రీంకోర్టు న్యాయమూర్తిగా పనిచేసిన ఓ. చిన్నప్పరెడ్డి పేరు విని రోమా సామ్రాజ్యం గుర్తుకొచ్చేవాడు ఎవడైనా ఉంటాడా?

చిన్నప్పరెడ్డి పేరు దగ్గరే నా వాదనకు అసలు ఇబ్బంది మొదలవుతుంది. ఇన్నారెడ్డి, జోజిరెడ్డి, మర్రెడ్డి - ఈ పేర్లలో మొదటి సగం పునీతుడిది, రెండో సగం పెద్దమ్మదీ తాతదీ కాదు, కులానిది. పితరుల బాకీ అని నేను గౌరవంగా చెప్పింది ఇక్కడ కులం బాకీగా తేలుతోంది. దీన్ని కప్పిపుచ్చి లాభం లేదు. ఋణం అనే భావమే అంత: పూర్వీకులను మోసే పేరు వాళ్ల ప్రేమను మోసినట్టే వాళ్ల అంతస్తునూ మోస్తుంది. ఇదే డెల్టాలో దళిత క్రైస్తవులకు ఈ బాకీ ఇంకోలా వచ్చింది. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం షెడ్యూల్డ్ కులాల హోదా మొదట హిందువులకే. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు, క్రైస్తవులను చేర్చలేదు. ఆ ఉత్తర్వులో పేర్ల గురించి ఒక్క మాట లేదు, ఉన్నది మతం గురించే. కానీ బడిలో చేర్చేటప్పుడు పేరే మతానికి సాక్ష్యమవుతుందని తల్లిదండ్రుల భయం. అందుకే చర్చి రిజిస్టరులో ఒక పేరు, సర్టిఫికెట్‌లో ఇంకో పేరు. ఫ్రాన్సులో 1803 నాటి చట్టం క్యాలెండర్లలోని పేర్లు, ప్రాచీన చరిత్రలోని పేర్లు తప్ప పెట్టకూడదని శాసించింది, 1993 దాకా అదే ఉంది. అక్కడ రాజ్యం పునీతులను పేరులోకి నెట్టింది, ఇక్కడ రాజ్యం తన ఉద్దేశం అది కాకపోయినా పేరులోంచి బయటికి నెడుతోంది. జోడుపేరును రెండుగా కోసి, ఒక ముక్క బీరువాలోకీ ఇంకో ముక్క దరఖాస్తులోకీ పంపుతోంది.

ఇది అబద్ధం కాదా, విశ్వాసాన్ని దాచుకోవడం కాదా అని అడిగేవాళ్లున్నారు, చర్చి లోపలా బయటా. వాళ్లు అపొస్తలుల కార్యముల పదమూడో అధ్యాయం ఒకసారి తిరగేస్తే బాగుండు. సౌలు మతం మారి పౌలయ్యాడని అందరూ అనుకుంటారు. గ్రంథం అలా చెప్పదు. పౌలు అని కూడా పిలవబడే సౌలు అంటుంది. యూదుల మధ్య ఒక పేరు, రోమా లోకంలో ఒక పేరు, రెండూ ఒకే మనిషివి. రెండు సమాజాలకు బాకీ ఉన్న మనిషికి రెండు పేర్లుండటం మోసం కాదు. మోసం అనే మాటను వాడాల్సి వస్తే, మతం మారినా అంటరానితనం మారని ఊళ్లో, మతం మారింది గనుక నీకిక ఆ బాధ లేదని చెప్పే లెక్కకు వాడటం న్యాయం.

ప్రొటెస్టెంటుల ఆక్షేపణ ఇంకో దిక్కు నుంచి వస్తుంది. దేవుడి కృపకు బాకీ అనే మాటే తగదని, పునీతుల పేరు మీద బిడ్డను అంకితం చేయడం విగ్రహారాధనకు మొదటి మెట్టని వాళ్లు అంటారు. బందరు, గుడివాడ ప్రాంతాల్లో వాళ్ల పేర్లు సమూయేలు, దానియేలు, లేదా కృపారావు, కృపావరం. వరం అన్నా పుచ్చుకున్నదే కదా. పుచ్చుకున్నానని బిడ్డ పేరులో రాసి పెట్టుకున్నవాడు బాకీ లేనివాడెలా అవుతాడు? ఇచ్చినవాడు తిరిగి అడగడన్నది వేరే సంగతి. దాన్ని క్యాథలిక్కులూ కాదనరు. పైగా ఈ రోజుల్లో డెల్టాలో ఎన్నో క్యాథలిక్ కుటుంబాలు పెంతెకోస్తు సంఘాల్లో చేరుతున్నాయి. గుణదల మెట్లెక్కడం మానేస్తారు, జపమాల పక్కన పెడతారు, మరియమాత పటం గోడమీంచి దిగుతుంది. కానీ ఆ ఇంటి లూర్దురాజు పేరు మార్చుకోవాలంటే మాత్రం చిక్కొస్తుంది, ఎందుకంటే అది తాత పేరు. పైకి చూపించిన సగం ఇప్పుడు పక్కకు తిరిగింది. దేవుడి బాకీగా వచ్చిన పేరు ఒక తరం తర్వాత తాత బాకీగా మిగిలింది. ఆ పేరును విగ్రహారాధన అనే పాస్టరు, తల్లిదండ్రులను సన్మానించమన్న ఆజ్ఞను ఆ ఇంట్లోవాళ్లకు ఎలా బోధిస్తాడో ముందు చెప్పాల్సి ఉంటుంది.