ఆటవేళ యెవరిది?

కడుపు నిండనివానికి ఆట తగునా యను ప్రశ్న పాతదే. చదువుకొను పిల్లవాడు బంతి చేతబట్టినంతనే కాలము పాడుచేయుచున్నాడనుట పెద్దలకు వాడుక. బీదయింటియందు ఆ మాట మఱింత కఠినముగా వినబడును. ఒక జాతి మొత్తము బీదయై, నిన్న మొన్న దాస్యమునుండి వెలువడినదైనచో అది ధర్మశాస్త్రవచనమువలెనే తోచును. ఈ విషయమును ఊరక తర్కించుటకంటె, ఇది నిజముగా ఎదురైన ఒక తావునకు బోయి చూచుట మేలని మేము తలచితిమి.

అమెరికా సంయుక్త రాష్ట్రములలోని ఉత్తర కెరొలీనాలో, షార్లట్ నగరమున బిడిల్ విశ్వవిద్యాలయమును, సాల్స్‌బరీ పట్టణమున లివింగ్‌స్టన్ కళాశాలయు నుండెను. మొదటిది 1867లోను, రెండవది 1879లోను, నల్లజాతివారి విద్యకై క్రైస్తవసంఘములు నెలకొల్పినవి. బిడిల్ నేడు జాన్సన్ సి. స్మిత్ విశ్వవిద్యాలయమను పేర నడచుచున్నది. 1892 డిసెంబరు 27వ తేదీని ఈ రెండు విద్యాలయముల విద్యార్థులు లివింగ్‌స్టన్ ముంగిటి పచ్చికబయలున, మంచు కురియుచుండగా ఫుట్‌బాలాట యాడిరి. నల్లజాతి కళాశాలల నడుమ జరిగిన మొదటి ఫుట్‌బాల్ పోటీ యిదియే యని చరిత్రకారులు చెప్పుదురు. దాస్యము చట్టముచే రద్దయి అప్పటికి ఇరువదియేడేండ్లు.

ఇది మనమెఱిగిన కాలిబంతి కాదు. బంతిని చంకబెట్టుకొని పరుగెత్తుటయు, ఎదిరిపక్షమువారు మీదబడి పడద్రోయుటయు నిందుండును. నాటి నియమము ప్రకారము మూడు ప్రయత్నములలో అయిదు గజములు ముందునకు సాగనిచో బంతి ఎదిరివారి పాలగును. అందువలన బయలంతట గీతలు గీయవలసియుండెను. గీతలే ఈ యాటకు ప్రాణము.

లివింగ్‌స్టన్ విద్యార్థులు తమలో తాము చందాలు వేసికొని బంతి నొకదానిని కొనిరి. కుట్టుపని నేర్చుకొనుచున్న బాలికలు దుస్తులు కుట్టిపెట్టిరి. నిత్యము తొడుగు జోళ్లకే అడుగున మేకులు బిగించుకొని, ఆట ముగియగానే ఊడదీసికొనిరట. ఆ జోళ్లతోనే ప్రార్థనకును పోవలెను గదా! ఇంతటి బీదవారికి ఈ వ్యయమేల, ఈ శ్రమయేల యని అడుగువారు అన్ని దేశములలోను నుందురు. కాని వారి ప్రశ్నకంటె బలమైన ఆక్షేపణ మఱియొకటి కలదు. దానిని జెప్పినవాడు దాసుడుగా పుట్టినవాడే.

ఫ్రెడరిక్ డగ్లస్ మేరీలాండులోని దాస్యమునుండి తప్పించుకొని పాఱి వచ్చి, 1845లో తన జీవితకథను ప్రకటించెను. క్రిస్మసు మొదలు కొత్త సంవత్సరమువఱకు గల దినములలో యజమానులు దాసులకు సెలవిచ్చుచుండిరని ఆయన వ్రాసెను. బంతులాటలు, కుస్తీలు, పరుగుపందెములు, అన్నిటికిని మించి త్రాగుడు, యజమానులకు ప్రీతికరములు. ఆ వారమున చీపుళ్లు కట్టుకొనుచు, చాపలు అల్లుకొనుచు పని చేసికొనువాడు సెలవునకు పాత్రుడు కాడని వారి యభిప్రాయము. తిరుగుబాటు మనసులో పుట్టకుండ అణచుటకు ఈ సెలవులకంటె మంచి సాధనము వారికి లేకుండెనని డగ్లస్ నిశ్చయించెను.

చదువరులు గమనింపుడు: డిసెంబరు 27 సరిగా ఆ వారములోనిదే. ఆడినదియు బంతియాటయే. అట్లయిన లివింగ్‌స్టన్ బయలున ఎగిరిన బంతి పాతసంకెలకు కొత్తరూపమా?

కాదని మా యభిప్రాయము. కారణమును ఆటలో జరిగిన యొక వివాదమే చూపుచున్నది. బిడిల్ పక్షము మొదటనే అయిదు పాయింట్లు సంపాదించెను. పిమ్మట బిడిల్‌వారి చేజారిన బంతిని లివింగ్‌స్టన్ విద్యార్థి విలియం ట్రెంట్ అందుకొని కడపటి గీత దాటించెను. అప్పటికి మంచు గీతలన్నిటిని కప్పివేసియుండెను. బంతిని అందుకొన్న చోటు హద్దునకు వెలుపలనున్నదని బిడిల్‌వారు వాదించిరి. తీర్పరి వారితో ఏకీభవించెను. గెలుపు బిడిల్‌వారిదయ్యెను. ఆ తీర్పు న్యాయమో కాదో ఇక నెవరును తేల్చలేరు.

మమ్ము ఆకర్షించినది తీర్పు కాదు, వాదము. ఎవరికిని కనబడని గీతనుగూర్చి ఇరుపక్షములును తగవులాడుటకు, మంచుక్రింద ఆ గీత కలదనియు, అది తమ్ముభయులను సమముగా కట్టుచున్నదనియు ఇరువురును నమ్మియుండవలెను. వీరి తలిదండ్రుల కాలమున గీతలు వేఱు. దాసులకు చదువు నేర్పరాదని ఉత్తర కెరొలీనా 1830లో శాసనము చేసెను. ఆ శాసనము చేయునప్పుడు దాసుని సమ్మతి నెవరడిగిరి? అది చెల్లునా చెల్లదా యని వాదించుటకు వానికి నోరెక్కడిది? డగ్లస్ చెప్పిన సెలవును అట్టిదే. దాని మొదలును తుదియు యజమానుని చేతిలో నుండెను. ఇక్కడనో, బంతి తమ డబ్బుతో కొన్నది, నియమము తాము ఒప్పుకొన్నది, తీర్పు నచ్చనిచో నచ్చలేదని చెప్పుట తమకు సాధ్యమైనది. ఇరువదియేడేండ్ల స్వాతంత్ర్యములో ఇట్టి అనుభవము వారికెన్ని తావుల దొరకియుండును?

ఎక్కువ తావుల దొరకలేదు, దొరకినవియు నిలువలేదు. 1900లో ఆ రాష్ట్రమే ఓటునకు చదువుపరీక్ష పెట్టి, 1867 జనవరి మొదటి తేదీనాటికే ఓటుహక్కు గలవారి సంతతికి ఆ పరీక్ష అక్కఱలేదని సవరణ చేసెను. తెల్లవారిలోని చదువురానివారిని తప్పించుటకే ఆ తేదీ నెన్నుకొనిరి. ఆ గీతను మంచు కప్పలేదు. అందఱికిని కనబడునట్లే గీచిరి.

ఆటకు మేము మితిలేని స్తుతి చేయబోము. డబ్ల్యు. ఇ. బి. డుబాయ్ 1897లో హాంప్టనునందు వినోదసమస్యనుగూర్చి ఉపన్యసించుచు, యువకులకు మంచి వినోదములు చూపక అన్నియు కూడదనుటతోనే సరిపుచ్చుకొను పెద్దలను తప్పుపట్టెను. ఆయనయే 1930లో హోవర్డు విశ్వవిద్యాలయమునందు, యువకులు చదువు విడిచి ఆటలపోటీల వెంటబడుచున్నారని గట్టిగా ఎత్తిపొడిచెను. రెండు మాటలకును పొందిక లేదని కొందఱనవచ్చును. మాకట్లు తోచదు. ఆ నడిమికాలమున హోవర్డు, లింకను విద్యాలయముల వార్షికపోటీ వేలకొలది జనులు టిక్కెట్లు కొని చూచు సంబరమైనది. ఆడువాని వేళ మరల మెల్లమెల్లగా ఇతరుల పాలగుచుండెను.

మంచులో చెల్లకపోయిన ఆ పరుగు తీసిన విలియం ట్రెంట్ 1925లో లివింగ్‌స్టన్ కళాశాలకే అధ్యక్షుడై, 1957 వఱకు ఆ పదవియందుండెను.