రెండు పళ్ల కోడెలు

మేళ్లచెరువు శంభులింగేశ్వరస్వామి శివరాత్రి జాతరలో ఎడ్ల పందేలంటే ఊరూరి జనం విరగబడతారు. ఆ ఊళ్లో ఒక బావ, ఒక బామ్మర్ది. ఇద్దరికీ బండలాగుడు పిచ్చే.

ఒక ఏడు పాలపళ్ల విభాగంలో మొదటి బహుమతి కొట్టిన జతను బావ అడిగినంత పోసి కొన్నాడు. బామ్మర్ది సంతలో ఎవరూ బేరమాడని కోడెలను రెండింటిని తోలుకొచ్చాడు. ఏడాదంతా ఉలవలు ఉడకేసి పెట్టాడు. దుక్కి చేలో నెలనెలా బరువు పెంచుతూ బండ లాగించాడు. చర్నాకోల ఎత్తకుండా నోటిమాటతో తోలే కుర్రాణ్ని వెతికి పగ్గాలు అప్పజెప్పాడు.

“ఏందిరా, గెల్సినయి వదిలేసి గీ బక్క కోడెలను మేపుతున్నవ్?” అన్నాడు బావ.

“గెల్సినయి నీ తాన ఉన్నయి గద బావా! నాకు మిగిలినయి గివే.”

మళ్లీ జాతర వచ్చేసరికి రెండు జతలూ రెండు పళ్లకు వచ్చాయి. పళ్లు మారితే విభాగం మారుతుంది, బండ బరువెక్కుతుంది. పాత బండకు అలవాటుపడ్డ బావ జత సగం దూరంలోనే మెడలు వాల్చేసింది. బావ గీత పక్కన నిలబడి తోలేవాణ్ని ఒకటే తిట్టుడు. బామ్మర్ది జత దిగినప్పుడు అతను నోరెత్తలేదు, తోలేది కుర్రాడు. బండ అందరికన్నా దూరం పోయింది. జనం ఎద్దులకు దండలేశారు, కుర్రాణ్ని భుజాలకెత్తుకున్నారు. యజమాని కాడి దింపి, మెడలు కమిలాయేమోనని తడిమి చూస్తున్నాడు.

సినిమాకు మంచి నిర్మాత కూడా ఈ బామ్మర్ది లాంటివాడే. 1980లో వచ్చిన ‘శంకరాభరణం’ కథానాయకుడు యాభై దాటిన డిప్యూటీ కలెక్టర్ జె.వి.సోమయాజులు, సరుకు శాస్త్రీయ సంగీతం. కొనడానికి పంపిణీదారులు వెనకాడారు. నిర్మాత, పూర్ణోదయ సంస్థ అధినేత ఏడిద నాగేశ్వరరావు పగ్గాలు దర్శకుడు కె.విశ్వనాథ్ చేతిలోనే ఉంచారు. ఆ సినిమాకు జాతీయ పురస్కారం వచ్చింది. ఆ నమ్మకంతోనే ‘సాగరసంగమం’ తీశారు. అదే జోడీ తీసిన 1986 నాటి ‘స్వాతిముత్యం’ మన దేశం తరఫున ఆస్కార్‌కు వెళ్లింది. తైవాన్‌లోనూ 1982లో సెంట్రల్ మోషన్ పిక్చర్ సంస్థ నలుగురు కొత్త దర్శకులకు ఒకే సినిమాను పంచి ఇచ్చింది. అక్కడి నవ్య సినిమాకు అదే నాంది అయింది.

నీతి: డబ్బున్నవాడు గెలిచినదాన్ని కొంటాడు, చూపున్నవాడు గెలవబోయేదాన్ని మేపుతాడు. మేపినవాడు పగ్గాలు లాక్కోకపోతేనే బండ కదులుతుంది.